లేని దేవుళ్లకు కలంకారీ తెర: శ్రీకాళహస్తిలోని ఒక పనివారి ఇంటి గురించి

తిరుపతి బైరాగిపట్టెడలోని మా ఇంటి వసారాలో ప్రతి ఆదివారం సాయంత్రం చుట్టుపక్కల పిల్లలు పదిమందికి పైగా చేరి కథలు చెప్పుకుంటారు. రెండేళ్లుగా ఆ కథలన్నీ ఒకే లోకంలో జరుగుతున్నాయి. ఆ లోకంలోని దేవతలందరూ కాలానికి సంబంధించినవారే, అందరూ మేము కల్పించుకున్నవారే. వాళ్లను ఒక గుడ్డ మీద వేయించి గోడకు వేలాడదీయాలన్న కోరికతో, ఒకప్పుడు చిత్తూరు జిల్లాలో ఉండి 2022 ఏప్రిల్ నుంచి తిరుపతి జిల్లాలోకి వచ్చిన శ్రీకాళహస్తిలో, భార్యాభర్తలిద్దరే నడుపుకొనే ఒక కలంకారీ ఇంటికి పని అప్పగించాను. ఆరడుగుల పొడవు, నాలుగడుగుల వెడల్పు, సహజమైన రంగులు, మొత్తం 18,500 రూపాయలు, అందులో 8,000 బయానా. పనితనం నేను అనుకున్నదాని కంటే మెరుగ్గా ఉంది, గడువు విషయంలో మాత్రం చాలా ఇబ్బంది పడ్డాను. ఆ ఇబ్బందిని దాచకుండా రాయదలుచుకున్నాను కనుక వారి పేరు చెప్పడం లేదు.

ముందుగా ఆ దేవతల సంగతి కొంత చెప్పాలి, లేకపోతే పని ఎంత కష్టమైనదో అర్థం కాదు. అందరికంటే చిన్నది రెప్పమ్మ. నిమేషమంటే రెప్పపాటే కాబట్టి ఆమె పూజ ఒకే ఒక్క రెప్పపాటుతో అయిపోతుంది, రెండోసారి రెప్ప వేసినవాడు మళ్లీ మొదటి నుంచి రావాలి. ఆమె తర్వాతివాడు ఘడియప్ప. వెనుకటి రోజుల్లో అడుగున సన్నని చిల్లు ఉన్న రాగిగిన్నెను నీళ్లలో తేలవేసి, అది నిండి మునిగితే ఒక ఘడియ, అంటే 24 నిమిషాలు, గడిచినట్టు లెక్కపెట్టేవారు. అలాంటివి రోజుకు అరవై. ఘడియప్ప గుడిలో ఆ గిన్నె మునిగేదాకా మాట్లాడకుండా కూర్చోవడమే అర్చన. మేము చిల్లు పెట్టించిన గిన్నె తొమ్మిది నిమిషాలకే మునిగిపోతుంది, పిల్లలు దానికేమీ బాధపడటం లేదు. జాములయ్యకు ఎనిమిది చేతులు, జాముకొకటి. ఒక చేయి పని చేస్తుంటే మిగిలిన ఏడూ నిద్రపోతుంటాయి. నిన్నమ్మ, రేపయ్య తోబుట్టువులు, కానీ ఒకరినొకరు ఎప్పుడూ చూసుకోలేదు. రోమనుల జానస్ లాగా ఇద్దరినీ కలిపి ఒకే తలకు రెండు ముఖాలు పెడదామని ఒక పిల్లవాడు పట్టుపట్టాడు గానీ, ఇంకొకరి దేవుణ్ని తెచ్చుకోవడం మిగిలినవాళ్లకు ఇష్టం లేకపోయింది. నిన్నమ్మ గుడికి వెనుకవైపు మాత్రమే తలుపు ఉంటుంది. రేపయ్య గుడిలో విగ్రహం ఉండదు, పీఠం ఉంటుంది. ఇక జాగులమ్మ ఆలస్యానికి అధిదేవత, ఆమెకు వేడి నైవేద్యం పెట్టకూడదు, చల్లారాకే పెట్టాలి. చివరివాడు అధికయ్య. చాంద్రమానానికీ సౌరమానానికీ ఉన్న తేడా పూడ్చడానికి సుమారు ముప్పై రెండు నెలలకొకసారి వచ్చే అధికమాసం ఉంది కదా, దాని దేవుడు. ఆయనకు వరుసలో చోటు లేదు.

కాలాన్ని దేవుడిగా ఊహించడం తిరుపతిలో పెరిగిన పిల్లలకు పెద్ద కష్టమైన పని కాదని నా అనుభవం. కొండ మీద స్వామికి ప్రతిరోజూ కొలువు సమయంలో ఆనాటి తిథివార నక్షత్రాలు చదివి వినిపిస్తారు, ధనుర్మాసం వస్తే సుప్రభాతం స్థానంలో తిరుప్పావై వస్తుంది, కింద ఊళ్లో దర్శనం టోకెన్ మీద అచ్చయిన గంటను పట్టుకుని జనం బస్టాండుకూ అలిపిరికీ మధ్య పరుగులు తీస్తుంటారు. ఇదంతా చూస్తున్న పిల్లలకు ఘడియకొక దేవుడున్నాడంటే నవ్వు రాదు, ఆయన గుడి ఎక్కడుందని అడుగుతారు.

మొదటిసారి వెళ్లింది నిరుటి వినాయక చవితి తర్వాత, సెప్టెంబర్ 5, శుక్రవారం. ఉదయం పదకొండు గంటలకు చేరాను. రాహుకేతు పూజలకు ఎక్కడెక్కడి నుంచో జనం వచ్చే ఊరు అది. శుక్రవారం రాహుకాలం పదిన్నర నుంచి పన్నెండు వరకు. ఇంటాయన నన్ను కూర్చోబెట్టి మజ్జిగ ఇప్పించాడు గానీ, పని మాట మాత్రం పన్నెండు దాటాకే ఎత్తాడు. ఆ గంటసేపు నేను చేతిలో ఉన్న పది పేజీల కాగితాలను తిరగేస్తూ గడిపాను. అందులో మా దేవతల వంశవృక్షం, ఎవరు ఎవరికి పుట్టారు, ఎవరు ఎవరిని శపించారు, ఏ యుగంలో ఎవరు గెలిచారు, అన్నీ ఉన్నాయి. పన్నెండు దాటాక ఆయన ఆ కాగితాలను మర్యాదగా మొత్తం చదివి, మడిచి నా పక్కన పెట్టి, "ఇవన్నీ చానా బాగుండాయి సామీ. ఈయమ్మ చేతిలో ఏముంది?" అని అడిగాడు.

నా దగ్గర సమాధానం లేదు. రెప్పమ్మ చేతిలో ఏముందో మేము రెండేళ్లలో ఒక్కసారి కూడా అనుకోలేదు. ఆ తర్వాత వరుసగా ప్రశ్నలు వచ్చాయి. వాహనమేమిటి, కూర్చుంటుందా నిలబడుతుందా, ఎటు చూస్తుంది, పక్కన ఎవరుంటారు, నైవేద్యం ఏ పాత్రలో పెడతారు, పూజలో తప్పు జరిగితే ఏం చేస్తుంది. ఆయన తాతల నాటి నుంచి రామాయణ భారతాలు వేస్తున్న ఇల్లు అది. కృష్ణుడికి నీలం, అమ్మవార్లకు పసుపు, రాక్షసులకు ఎరుపు అని వాళ్ల చేతికి అలవాటైన లెక్క ఒకటి ఉంది. "ఆలస్యం చేసే అమ్మకు ఏ రంగు వేసేది? ఆమె మంచిదా చెడ్డదా అది చెప్పండి ముందు" అన్నాడు. పిల్లలను అడిగి చెబుతానని తిరుపతికి తిరిగొచ్చాను. జాగులమ్మ మంచిదా చెడ్డదా అన్న చర్చ మా వసారాలో మూడు ఆదివారాలు నడిచింది. బడి బస్సు తప్పిపోయిన పిల్లవాడు చెడ్డదన్నాడు, ఇంజెక్షన్ కోసం ఆసుపత్రిలో వరుసలో కూర్చున్న పిల్ల మంచిదంది. చివరకు ఒంటికి పసుపు, పాదాలకు ఎరుపు అని తీర్మానించి ఫోన్లో చెప్పాము.

ఈ పనివారి గురించి నేను ముఖ్యంగా చెప్పదలచింది ఇదే. కల్పించిన దేవతలను బొమ్మలుగా వేసిపెట్టేవారు చాలామంది దొరుకుతారు, వాట్సాప్‌లో నాలుగు మాటలు పంపితే గంటలో రంగురంగుల బొమ్మ తిరిగి పంపేవారు కూడా ఉన్నారు. కాని ఒక దేవతకు పూజ ఎలా జరుగుతుందో తెలియకుండా ఆమెను గీయలేనని కూర్చునే మనిషి దొరకడం అరుదు. మా పది పేజీల వంశవృక్షంలో ఒక్క ముక్క కూడా గుడ్డ మీదకు ఎక్కలేదు. ఆయన అడిగినందువల్ల మేము కల్పించుకున్న చిన్న చిన్న సంగతులే, అంటే రెప్పమ్మ చేతిలోని ఆర్పిన ప్రమిద, జాములయ్య ఏడు చేతుల కింద ఏడు చిన్న తలగడలు, అవే ఈరోజు ఆ తెరను చూసిన ప్రతివారూ వేలు పెట్టి చూపిస్తున్నవి.

ఒక విషయంలో ఆయన కచ్చితంగా ఉన్నాడు. జాములయ్య ఎనిమిది చేతుల్లో రెండింటికి శంఖచక్రాలు పెడితే నిండుగా ఉంటుందని నేను సూచిస్తే, "మీరు కథకే గదా చేయించుకునేది. స్వామివి స్వామికే ఉండనీయండి" అని ఒప్పుకోలేదు. తిరునామం, విభూతి రేఖలు కూడా ఏ ముఖం మీదా వేయలేదు. శ్రీవారి పాదాల దగ్గర ఉంటూ కొత్త దేవుళ్లేమిటని మా వీధిలో ఒకరిద్దరు అడిగినప్పుడు నేను ఈ మాటనే చెప్పాను, వారు కూడా తృప్తిపడ్డారు.

పని జరిగే తీరు తెలియనివారి కోసం కొంత వివరిస్తాను. గాడా గుడ్డను ముందుగా గంజి పోయేలా ఉతికి, కరక్కాయ పొడి కలిపిన బర్రెపాలలో నానబెట్టి ఎండబెడతారు. పాలలోని కొవ్వు వల్ల సిరా పక్కకు పాకదు, కరక్కాయలోని వగరు వల్ల నలుపు పట్టుకుంటుంది. చింతపుల్లలు కాల్చిన బొగ్గుతో లేతగా గీసుకుంటారు. తర్వాత వెదురు కలం మొనకు కాస్త పైన నూలుతో చుట్టిన ఉండను కసిమిలో ముంచి, దాన్ని వేళ్లతో నొక్కుతూ, సిరాను మొనలోకి దించుతూ గీత లాగుతారు. కసిమి అంటే తుప్పు పట్టిన ఇనుమును బెల్లపు నీళ్లలో రోజుల తరబడి ఊరబెట్టిన ద్రవం. అది కలంలోంచి జారేటప్పుడు పలచని టీ నీళ్లలా కనబడుతుంది, కరక్కాయ తాగిన గుడ్డను తాకిన తర్వాత చూస్తుండగానే నల్లబడుతుంది. జాములయ్య రెండో చేయి గీస్తుండగా నేను పక్కనే ఉన్నాను. భుజం దగ్గర లేత గోధుమరంగులో మొదలైన గీత, కలం మణికట్టు దాకా వచ్చేలోపు వెనుక నల్లగా తేలింది. తర్వాత ఎరుపు కావలసిన చోట పటికనీళ్లు రాసి, వేర్లు, చెక్కలు వేసిన రంగునీళ్లలో గుడ్డను ఉడికించి, పారే నీటిలో జాడించి ఎండబెట్టి, ఆపైన పసుపు, నీలం వేస్తారు. ఒక్కో రంగుకూ మళ్లీ ఉతుకు, మళ్లీ ఎండ. శ్రీకాళహస్తిలో ఈ పని స్వర్ణముఖి ఒడ్డున స్థిరపడింది ఆ నీటి కోసమే. గత శతాబ్దంలో దాదాపు అంతరించిపోతున్న దశలో, 1950లలో కమలాదేవి చట్టోపాధ్యాయ చొరవతో అక్కడ శిక్షణ మొదలు కావడం వల్లే ఇప్పటికీ ఇన్ని ఇళ్లలో కలం కదులుతోంది.

ఇప్పుడు ఫిర్యాదులు. దీపావళికి ఇస్తానన్నారు, సంక్రాంతి వెళ్లాక ఇచ్చారు. ఆలస్యానికి కారణం న్యాయమైనదే. మన వైపు ఆశ్వయుజ కార్తికాల్లో ఈశాన్య రుతుపవనాల వానలు పడతాయి, ఎండ లేకుండా ఈ గుడ్డ ఆరదు, ఆరకుండా రెండో రంగు వేస్తే మొదటిది మసకబారుతుంది. ఈ సంగతి సెప్టెంబర్‌లో బయానా తీసుకునే రోజునే వారికి తెలుసు, అయినా దీపావళి అని మాట ఇచ్చారు. అది మొదటి తప్పు. రెండోది, అక్టోబర్ చివరి నుంచి మూడు వారాలపాటు ఫోన్ ఎత్తలేదు. ఎత్తిన రోజున ఇంటావిడ "రేపు చెప్తాడు సార్" అంది, ఆ మరునాడు కూడా అదే మాట. రేపయ్య పీఠం ఖాళీగా ఎందుకుంటుందో నాకు అప్పుడు బాగా అర్థమైంది. పిల్లలు కార్తిక పౌర్ణమికి తెర ఆవిష్కరణ పెట్టుకుని, పేపరుతో తోరణాలు కట్టి, తెర రాకపోవడంతో ఖాళీ తాడును గోడకు కట్టి, జాగులమ్మకు చల్లారిన పులిహోర పెట్టి ఉత్సవం ముగించారు. ఈ మాట తర్వాత ఇంటావిడతో చెబితే, "మొక్కుకున్నది మీరే గదా సార్, ఆయమ్మ యాడికి పోతుంది" అని నవ్వింది. నేను నవ్వలేకపోయాను. డబ్బు తీసుకున్న పనికి ఒక ఫోన్ ముక్క చెప్పడం కనీస బాధ్యత.

మూడో ఫిర్యాదు అక్షరాలది. సంప్రదాయ కలంకారీ తెరలో బొమ్మల గళ్ల పైన సన్నని పట్టీలో తెలుగులో వివరణ రాస్తారు. మా తెరలో ఘడియప్ప పేరు 'గడియప్ప' అని వచ్చింది. నేను ఒత్తుతో రాసిచ్చిన కాగితం నా దగ్గర ఉంది. కసిమితో రాసింది చెరిగేది కాదు, దాన్ని తీయాలంటే గుడ్డ చింపాల్సిందే. నేను గట్టిగా అడిగితే ఆయన కాసేపు చూసి, "గడియారానికి ఒత్తు ఉందా సామీ?" అన్నాడు. ఆ ప్రశ్నకు జవాబు వెతుక్కుంటూ ఇంటికి వచ్చాను. పిల్లలు మాత్రం వెంటనే ఇంకో దారి పట్టారు. గడియ అంటే తలుపు గొళ్లెం కూడా కదా, కాబట్టి గిన్నె మునిగేదాకా తలుపు గడియ తీయకుండా కాపలా కాసేది ఈయనే అన్నారు. అప్పుడు నాకు ఒకటి గుర్తుకొచ్చింది. నేను వెళ్లిన శుక్రవారానికి రెండు రోజుల తర్వాత, సెప్టెంబర్ 7 ఆదివారం రాత్రి, సంపూర్ణ చంద్రగ్రహణం. తిరుమల గుడి తలుపులు మధ్యాహ్నమే మూశారు. గ్రహణానికి మూయని గుడి శ్రీకాళహస్తీశ్వరుడిది. ఆ మాట వచ్చినప్పుడు ఆయన, "మీ దేవుళ్లలో తలుపు మూసేదెవరు?" అని అడిగాడు, నేను ఎవరూ లేరన్నాను. బొమ్మలో చూస్తే ఘడియప్ప ఎడమచేతిలో గిన్నె ఉంది, కుడిచేతి వెనుక ఒక తలుపు రెక్క ఉంది. మేము తలుపు చెప్పలేదు. అక్షరం జారిందో, కావాలని జార్చాడో ఇప్పటికీ అడగలేదు.

తెర కూర్పు గురించి చెప్పకుండా ముగించడం న్యాయం కాదు. మామూలుగా నడుమ పెద్ద గడిలో ప్రధాన దేవత ఉండి, చుట్టూ చిన్న గళ్లలో కథ నడుస్తుంది. మా తెర నడుమ ఆయన రేపయ్య ఖాళీ పీఠాన్ని పెట్టాడు. పీఠం పైన అరగజం చోటు ఏ రంగూ లేకుండా వదిలేశాడు. దగ్గరికి వెళ్లి చూస్తే అది వట్టి తెలుపు కాదు. పాలూ కరక్కాయా తాగి, ఎన్నో ఉతుకులు తిన్న మీగడ రంగు. చుట్టూ ఉన్న నలుపు గీతల పక్కన అది వెలుగులా కనబడుతుంది. అంచుకు నలుపు తెలుపు దారాలు పెనవేసుకున్నట్టు ఒక జడ గీశాడు. భారతం ఆదిపర్వంలో ఉదంకుడు నాగలోకంలో చూసిన ఇద్దరు స్త్రీలు నల్లని, తెల్లని దారాలతో, అంటే రాత్రీ పగళ్లతో, వస్త్రం నేస్తుంటారు కదా, అది అక్కడి నుంచి తెచ్చానన్నాడు. ఆ జడ మీద, ఏ గడిలోకీ చేరకుండా, ఒక కాలు లోపలికి పెట్టి కూర్చుని ఉన్నాడు అధికయ్య. ఆ కాలి బొటనవేలు నిన్నమ్మ గుడి వెనుక తలుపును తాకుతూ ఉంటుంది. అధికయ్యకు చోటు ఎక్కడా అని మేము నెలలపాటు తలలు పట్టుకున్నాము.

రంగుల విషయంలో చిన్న అసంతృప్తి ఉంది. ఎరుపు నేను చూసిన పాత తెరల్లో ఉన్నంత లోతుగా రాలేదు, జాగులమ్మ పాదాలు పారాణి కంటే కాస్త ఇటుక రంగులో ఉన్నాయి. పసుపు ఎండకు వెలిసిపోతుందని వారే ముందుగా చెప్పారు, కాబట్టి ఎండ పడని గోడ చూసుకోవాలి. తెచ్చిన కొత్తలో మూడు వారాలపాటు గది నిండా పాలు విరిగిన వాసన వచ్చింది, అది తప్పదు. ఉతకవలసి వస్తే కుంకుడు రసంతో చల్లనీటిలో జాడించి, పిండకుండా నీడన ఆరవేయమన్నారు. ఇంతకుముందు నేను తిరుపతిలో ఒక దుకాణంలో కలంకారీ అని కొన్న గుడ్డకు ఏ వాసనా లేదు, గీతలన్నీ ఒకే మందంలో ఉన్నాయి, అదే పువ్వు జానెడుకొకసారి అచ్చుగుద్దినట్టు వచ్చింది, వెనక్కి తిప్పితే బొమ్మ వెలవెలబోయింది. అది చేతి పని కాదని అప్పుడు నాకు తెలియలేదు.

వెళ్లదలచినవారు ఉగాది తర్వాత, ఎండలు గట్టిపడ్డాక పని అప్పగించండి, గడువును కాగితం మీద రాయించుకోండి, పేర్లు ఒత్తులతో సహా వారి ఎదుటే ఒకసారి చదివించండి. శుక్రవారం వెళ్లేటట్లయితే పన్నెండు దాటాక వెళ్లండి.

ఈ ఏడాది అధిక జ్యేష్ఠం మే 17న మొదలవుతుంది. ఆ నెలంతా అధికయ్యదే కాబట్టి ఆయనొక్కడికే చిన్న తెర ఒకటి వేయించాలని పిల్లలు చందాలు పోగుచేశారు. ఆ డబ్బు తీసుకుని మొన్న ఫోన్ చేస్తే రెండో మోతకే ఎత్తాడు. సంగతి విని, "అధికమాసంలో కొత్త పని మొదలుపెట్టం సామీ, బయానా ఫాల్గుణంలోనే పంపించేయండి" అన్నాడు.